వాట్సాప్ గ్రూపులో విద్వేష సందేశాలు: సెక్షన్ 196 కింద కేసు పెట్టవచ్చా?

న్యాయవాదులకు, ఇలాంటి కేసుల్లో అనుభవమున్నవారికి నమస్కారం. మా కాలనీవాసుల వాట్సాప్ గ్రూపులో ఒక మతం వారికి ఇళ్లు అద్దెకివ్వవద్దని, వారి దుకాణాల్లో ఏమీ కొనవద్దని, వారు శత్రువులని చెప్పే వీడియోలు కొంతకాలంగా పదే పదే వస్తున్నాయి. ఆ మతానికి చెందిన కుటుంబాలూ అదే గ్రూపులో ఉన్నాయి. పంపేవారికి ఆ పట్టింపే లేదు.

2024 జూలై 1 నుంచి పాత శిక్షాస్మృతిలోని 153ఎ స్థానంలో భారతీయ న్యాయ సంహిత సెక్షన్ 196 అమల్లోకి వచ్చిందని, ఎలక్ట్రానిక్ సందేశాల ద్వారా వర్గాల మధ్య శత్రుత్వం పెంచడమూ దాని పరిధిలోనిదేనని, మూడేళ్ల వరకు జైలుశిక్ష పడవచ్చని చదివాను. విద్వేష ప్రసంగాలపై ఫిర్యాదు లేకపోయినా కేసు నమోదు చేయాలని సుప్రీంకోర్టు 2023 ఏప్రిల్‌లో అన్ని రాష్ట్రాలనూ ఆదేశించింది. అయినా స్టేషన్‌కు వెళితే, ఇది సభ్యులకే పరిమితమైన గ్రూపని, పైగా ప్రభుత్వ అనుమతి ఉండాలని చెప్పి పంపించారు. నేను అర్థం చేసుకున్నంతవరకు ఆ అనుమతి న్యాయస్థానం నేరాన్ని విచారణకు స్వీకరించడానికి కావాలి గానీ ఎఫ్‌ఐఆర్‌కు కాదు. (2015లోనే సుప్రీంకోర్టు కొట్టివేసిన ఐటీ చట్టం సెక్షన్ 66ఎ కింద ఫిర్యాదు రాయమని సలహా ఇచ్చినవారూ ఉన్నారు!)

ఇలాంటి గ్రూపు సందేశాలకు 153ఎ గానీ 196 గానీ వర్తింపజేసిన హైకోర్టు తీర్పులు ఉంటే దయచేసి తెలుపగలరు. ఎస్పీకి లిఖితపూర్వకంగా ఫిర్యాదు పంపాకే మేజిస్ట్రేటును ఆశ్రయించాలా? అన్నిటికన్నా ముఖ్యంగా, ఇలాంటి ఎలక్ట్రానిక్ సాక్ష్యానికి భారతీయ సాక్ష్య అధినియమం సెక్షన్ 63 కోరే ధ్రువపత్రంలో నిపుణుడి భాగాన్ని ఫిర్యాదుదారు ఎవరిచేత, ఏ దశలో పూర్తి చేయించుకోవాలి?