15 గుంటల కొనుగోలు చెల్లదంటున్నారు: మహారాష్ట్ర కమతాల చట్టం కింద మా పరిస్థితి ఏమిటి?

ప్రశ్న (సరిహద్దు రైతు)

నాందేడ్ జిల్లాలో తెలంగాణ సరిహద్దును ఆనుకొని ఉన్న మా ఊరిలో, 1994లో మా నాన్నగారు పక్క రైతు వద్ద 15 గుంటల జిరాయతు (వర్షాధార) భూమిని రిజిస్టరు దస్తావేజు ద్వారా కొని, సొమ్మంతా చెల్లించి, నాటి నుంచి నేటి వరకు సాగు చేస్తున్నారు. ఆ విస్తీర్ణం నాటి ప్రమాణ విస్తీర్ణం (చట్టం నిర్ణయించిన కనీస విస్తీర్ణం) కన్నా తక్కువని చెప్పి ఫేర్‌ఫార్ (రికార్డులో పేరు మార్పు) మంజూరు చేయకపోవడంతో, సాత్‌బారాలో (7/12 భూమి రికార్డులో) ఇప్పటికీ అమ్మిన రైతు పేరే ఉంది. ఆయన కాలం చేశాక, ఈ అమ్మకం మొదటి నుంచీ చెల్లదని, భూమి ఖాళీ చేయాలని ఆయన కుమారులు వకీలు ద్వారా నోటీసు పంపారు. రిజిస్టరు అయిన దస్తావేజుకు విలువే లేదా? ఇటీవల ప్రభుత్వం ఇచ్చిన సడలింపులు మాకు వర్తిస్తాయా?

జవాబు (సివిల్ న్యాయవాది)

రిజిస్ట్రేషన్ జరిగినంత మాత్రాన, చట్టం నిషేధించిన అమ్మకం చెల్లుబాటు కాదు. 1947 నాటి కమతాల విచ్ఛిత్తి నిరోధ, ఏకీకరణ చట్టంలోని 9వ సెక్షన్ ప్రకారం నిబంధనలకు విరుద్ధమైన బదిలీ శూన్యమే. ఇదే చట్టం కింద ప్రమాణం కన్నా తక్కువ భూమి దస్తావేజులను అనుమతి లేకుండా రిజిస్టరు చేయొద్దంటూ 2021 జూలైలో రిజిస్ట్రేషన్ శాఖ ఇచ్చిన సర్క్యులర్‌ను బొంబాయి హైకోర్టు ఔరంగాబాద్ ధర్మాసనం 2022 మే నెలలో కొట్టివేసిన మాట నిజమే కాని, అది రిజిస్ట్రారు దస్తావేజును తిరస్కరించవచ్చా అన్న అంశానికి సంబంధించిన తీర్పు. 9వ సెక్షన్ దానివల్ల పోలేదు.

అయితే మీ విషయంలో అందరూ దాటవేసే ప్రశ్న ఒకటి ఉంది. ఆ 15 గుంటలు అమ్మకానికి ముందే విడి ముక్కగా (ప్రమాణం కన్నా చిన్న కమతంగా) ఉన్నాయా, లేక పెద్ద సర్వే నంబరులోంచి ఆ దస్తావేజుతోనే కోసి ఇచ్చారా? ఈ రెండింటినీ చట్టం వేర్వేరుగా చూస్తుంది. అప్పటికే ఉన్న ముక్కను ఆనుకొని ఉన్న భూమి యజమానికి అమ్మడాన్ని 7వ సెక్షన్ అనుమతిస్తుంది, ఎందుకంటే దానివల్ల చెల్లాచెదురైన కమతాలు కలుస్తాయి. కొత్తగా ముక్క ఏర్పడే బదిలీని మాత్రం 8వ సెక్షన్ నిషేధిస్తుంది. కాబట్టి ముందుగా దస్తావేజులోని హద్దులు చూడండి.

ప్రశ్నించినవారు

చూశాను. తూర్పు హద్దుగా "కొనుగోలుదారు సొంత భూమి" అని స్పష్టంగా రాసి ఉంది. 1990 నాటి సాత్‌బారా నకలులో ఆ 15 గుంటలు విడి పోట్ హిస్సాగా (సర్వే నంబరులో ఉప విభాగంగా), పక్కన "తుకడా" (ముక్క) అన్న నమోదుతో కనిపిస్తున్నాయి.

జవాబు (సివిల్ న్యాయవాది)

ఇది మీకు చాలా బలమైన ఆధారం. అమ్మకం జరిగిన తేదీన మీ నాన్నగారు ఆనుకొని ఉన్న నంబరుకు యజమాని అని పాత హక్కుల రికార్డుతో రుజువైతే, ఆ అమ్మకాన్ని 7వ సెక్షన్ కిందే సమర్థించుకోవచ్చు. ఫేర్‌ఫార్ తిరస్కరణ ఉత్తర్వు నకలు తీసుకోండి. 8వ సెక్షన్‌ను ఉదహరించి తిరస్కరించి ఉంటే ఆ ఉత్తర్వే పొరపాటు కావచ్చు, అప్పీలులో జరిగిన ఆలస్యాన్ని మన్నించమని కారణాలతో కోరవలసి ఉంటుంది.

ఈ చట్టం కింద తేల్చవలసిన అంశాలను సివిల్ కోర్టు తనంతట తాను తేల్చదు. దావా పడితే 36బి సెక్షన్ కింద ఆ అంశం రెవెన్యూ అధికారి పరిశీలనకు వెళుతుంది. నోటీసు పంపినంత మాత్రాన కుమారులకు మిమ్మల్ని ఖాళీ చేయించే అధికారం రాదు. బలవంతంగా వెళ్లగొడితే, ఆరు నెలల లోపు నిర్దిష్ట ఉపశమన చట్టం 6వ సెక్షన్ కింద స్వాధీనం తిరిగి కోరవచ్చు. సొమ్ము తీసుకొని దశాబ్దాలు మౌనంగా ఉండి, తండ్రి చేసిన అమ్మకాన్నే తప్పుపట్టడం అన్యాయమని నా దృఢమైన అభిప్రాయం. ఒకవేళ అమ్మకం శూన్యమని తేలినా, కాంట్రాక్టు చట్టం 65వ సెక్షన్ కింద సొమ్ము వాపసు కోరే వాదన ఉంటుంది.

జవాబు (భూమి కొలతల నిపుణుడు)

సడలింపుల గురించి ఒక మాట. 1965 నవంబరు 15 తర్వాత ఈ చట్టానికి విరుద్ధంగా జరిగిన బదిలీలను క్రమబద్ధం చేసే సవరణ 2018 జనవరిలో అమలులోకి వచ్చింది. మార్కెట్ విలువలో 25 శాతంగా ఉన్న క్రమబద్ధీకరణ రుసుమును తర్వాత 5 శాతానికి తగ్గించారు. ఆ పైన కూడా మార్పులు జరిగినందున ఇప్పుడు అమలులో ఉన్న ఉత్తర్వు చూడాలి. కాని అవి ప్రధానంగా నివాస, వాణిజ్య వంటి వ్యవసాయేతర వినియోగానికి కేటాయించిన భూములకు ఉద్దేశించినవి కాబట్టి, సాగులో ఉన్న మీ పొలానికి వాటి మీద ఆధారపడడం మంచిది కాదు. 2023 ఆగస్టులో చాలా జిల్లాల్లో జిరాయతుకు 20, బాగాయతుకు (నీటి వసతి ఉన్న భూమికి) 10 గుంటలుగా ప్రమాణం మార్చారు; అయినా మీ దస్తావేజును 1994 నాటి ప్రమాణంతోనే పరీక్షిస్తారు.

చెల్లాచెదురైన కమతాలను కలిపే ఏకీకరణ పథకం మీ ఊరిలో అమలైతే సర్వే నంబర్లు గట్ నంబర్లుగా (కలిపిన కమతాల కొత్త నంబర్లుగా) మారి ఉంటాయి. దస్తావేజులో ఏ నంబరు రాశారో, అది ఏ గట్‌లో కలిసిందో పథకం ఉతారాతో (రికార్డు నకలుతో) సరిపోల్చి, కొలత కోసం భూమి అభిలేఖ (భూ రికార్డుల) కార్యాలయంలో దరఖాస్తు చేయండి. ఈ సరిపోలిక లేకుండా, 1990 నకలులోని ముక్క, మీరు దున్నుతున్న ముక్క ఒకటేనని అధికారి ఎదుట చూపడం కష్టం. నోటీసుకు లిఖిత జవాబు మాత్రం గడువు లోపలే ఇవ్వండి; కొలత నివేదిక వచ్చాక దానిని జతచేయవచ్చు.