జంతు జనాభా ఆవరణశాస్త్రం: బైపీసీ చదివినవారు ఏ పుస్తకంతో మొదలుపెట్టాలి?

ప్రశ్న: ఎమ్మెస్సీ విద్యార్థిని, కర్నూలు

అందరికీ నమస్కారం. ఎమ్మెస్సీ జువాలజీ రెండో సంవత్సరం చదువుతున్నాను. ఇంటర్లో బైపీసీ, డిగ్రీ వరకు తెలుగు మాధ్యమం. పదో తరగతి తరువాత లెక్కల పుస్తకం తెరవలేదు. నాలుగు నెలల ప్రాజెక్టు కింద నల్లమల అంచున ఒక అటవీ బాట వెంట చుక్కల దుప్పుల సంఖ్య ఎలా మారుతోందో చూడాలనుకుంటున్నాను. మా మేడం "ముందు పాపులేషన్ ఎకాలజీ చదువు" అన్నారు. గ్రంథాలయంలో ఒక పుస్తకం తీస్తే రెండో అధ్యాయంలోనే అవకలన సమీకరణాలు ఎదురయ్యాయి. మూడు రోజులు కూర్చున్నా ముందుకు సాగలేదు.

ఏ పుస్తకంతో మొదలుపెట్టాలి? లెక్కలు ఎంతవరకు రావాలి? మన దేశపు జంతువుల మీద చదవదగినవి ఏవి? ఖరీదైన పుస్తకాలు కొనే స్థోమత లేదు. దయచేసి చెప్పండి.

జవాబు: వన్యప్రాణుల లెక్కింపులో పనిచేసిన సభ్యుడు

అమ్మా, మీరు ఆగిన చోటే చాలామంది ఆగిపోతారు. పాఠాల వరసలోనే లోపం ఉంది. సమీకరణంతో మొదలుపెట్టి, జంతువుల్ని ఎలా లెక్కపెట్టాలో చివరి అధ్యాయానికి నెట్టేస్తారు. నేను దీన్ని తిరగేసి చదవమంటాను. ముందు లెక్కింపు గురించి, తరువాత పెరుగుదల, తరుగుదల గురించి.

కారణం మీ దుప్పులతోనే చెబుతాను. ఏప్రిల్‌లో ఆ బాటన నడిచారు, 40 దుప్పులు కనిపించాయి అనుకుందాం. సెప్టెంబరులో అదే బాట, అదే వేళ, 20 కనిపించాయి. సగం చనిపోయాయా? వానలకు గడ్డి నడుమెత్తు పెరిగింది. ఎండాకాలం నీటిగుంట దగ్గర చేరిన మందలు అడవంతా చెదిరిపోయాయి. కనిపించిన సంఖ్యకూ నిజంగా ఉన్న సంఖ్యకూ మధ్య ఉండే ఈ ఎడాన్ని కొలవడం రాకపోతే, పెరుగుదల సమీకరణాన్ని ఎంత చక్కగా సాధించినా దానిలో వేసే సంఖ్యే తప్పు అవుతుంది.

మన దేశం దీనికి పెద్ద మూల్యమే చెల్లించింది. దశాబ్దాల పాటు పులుల్ని అడుగుజాడలు చూసి లెక్కపెట్టారు. రాజస్థాన్‌లోని సరిస్కాలో కాగితాల మీద పులులు ఉండగానే, అడవిలో ఒక్కటీ మిగలలేదని 2005 నాటికి తేలింది. ఆ దెబ్బతోనే, జంతువు ఎదురుగా రాగానే దానంతటదే ఫొటో తీసే కెమెరా ట్రాప్‌లు, గణాంక పద్ధతులు జాతీయ లెక్కింపులోకి వచ్చాయి. 2006 అంచనా 1,411. 2018 అంచనా 2,967. ఈ రెండింటినీ పక్కపక్కన పెట్టి పులులు రెట్టింపయ్యాయని రాసే ముందు కెమెరాలు ఎన్ని పెరిగాయి, కొత్తగా ఎంత అడవిని చూశారు అని అడగాలి. ఇలా అడిగే అలవాటు చేయించే పుస్తకమే మీ మొదటి పుస్తకం కావాలి.

అందుకు సదర్లాండ్ సంపాదకత్వంలో 1996లో వచ్చిన 'ఎకలాజికల్ సెన్సస్ టెక్నిక్స్' సరిపోతుంది. చేపలు, పక్షులు, క్షీరదాలు వేటిని ఎలా లెక్కించాలో, ఎక్కడ మోసపోతామో సూటిగా ఉంటుంది. దానితో పాటు ఉల్లాస్ కరంత్, జేమ్స్ నికోల్స్ 2002లో తెచ్చిన 'మానిటరింగ్ టైగర్స్ అండ్ దెయిర్ ప్రే' చదవండి. బెంగళూరు నుంచి వచ్చిన చేతిపుస్తకం అది. పులి ఆహారమైన దుప్పి, కణుజు, అడవిపందుల లెక్కింపు మన అడవుల పరిస్థితులకు తగ్గట్టు అందులో ఉంది. మీ ప్రాజెక్టుకు అంతకంటే దగ్గరి పుస్తకం నాకు తెలియదు.

ముద్రవేసి మళ్లీ పట్టే పద్ధతిని ఆ పుస్తకాల్లో చూసి బెదరకండి. ఊరి చెరువులో 60 చేపలు పట్టి, రెక్క మీద చిన్న గుర్తు పెట్టి వదిలారు. వారం తరువాత 50 పడితే 12 గుర్తువి వచ్చాయి. అరవైని యాభైతో గుణించి పన్నెండుతో భాగిస్తే 250. చెరువులో సుమారు అన్ని చేపలు ఉన్నాయన్నమాట. చిన్న నమూనాలకు వాడే చాప్‌మన్ సవరణ వేస్తే అది 238 అవుతుంది. ఐదో తరగతి లెక్క ఇది. కష్టమంతా షరతుల్లో ఉంది: ఆ వారంలో చెరువులోకి కొత్త చేప రాకూడదు, ఉన్నది పోకూడదు, గుర్తు ఊడకూడదు, ఒకసారి వలలో పడిన చేప రెండోసారి జంకకూడదు. కెమెరా ట్రాప్‌లో పులి చారలే గుర్తు, షరతులు అవే.

రెండో పుస్తకం నికొలస్ గొటెల్లి 'ఎ ప్రైమర్ ఆఫ్ ఎకాలజీ' (1995). బైపీసీ వారికి ఇంతకంటే మంచి గురువు దొరకరు. ప్రతి అధ్యాయంలో నమూనా, అది ఏయే ఊహల మీద నిలబడిందో, నిజమైన జంతువులతో పోల్చితే ఏమైందో, చివర లెక్కలు, వాటి సాధనలు వరసగా ఉంటాయి. కలం కాగితం లేకుండా చదవకండి. లాజిస్టిక్ వక్రరేఖ ప్రకారం జనాభా పెరిగి, ఆ చోటు భరించగల సంఖ్య దగ్గర మెల్లగా నిలబడుతుంది. అలాస్కా దగ్గరి సెయింట్ మాథ్యూ దీవిలో 1944లో వదిలిన 29 రెయిన్‌డీర్లు 1963 నాటికి 6,000 అయ్యాయి. మేత అరిగిపోయింది, ఘోరమైన శీతాకాలం వచ్చింది. 1966లో లెక్కిస్తే 42 మిగిలాయి. వక్రరేఖ చెప్పినట్టు అవి మెల్లగా నిలబడలేదు. ఊహల జాబితాలో ఏది చెడిందో వెతకడమే ఆ అధ్యాయానికి అసలు అభ్యాసం.

మూడోది గ్రేమ్ కాగ్లీ 'అనాలిసిస్ ఆఫ్ వెర్టిబ్రేట్ పాపులేషన్స్' (1977). పాతదే. అందులోని కొన్ని గణాంక పద్ధతులకు ఇప్పుడు మెరుగైనవి ఉన్నాయి. కానీ కొలిచే ముందు ఎందుకు కొలుస్తున్నావో చెప్పు అని ఆయన పట్టుబట్టే తీరు నా పనిని మార్చింది. ఆయన ఇంకొకరితో కలిసి 1994లో రాసిన 'వైల్డ్‌లైఫ్ ఎకాలజీ అండ్ మేనేజ్‌మెంట్' కాస్త తేలిక. మీ గ్రంథాలయంలో ఏది దొరికితే అది.

జవాబు: డిగ్రీ కళాశాల అధ్యాపకురాలు, రాజమహేంద్రవరం

పై సభ్యుడి మాటతో చాలావరకు ఏకీభవిస్తాను. ఒక్క విషయంలో మాత్రం కాదు. లెక్కింపు పుస్తకంతో మొదలుపెడితే పిల్లలు పద్ధతి నేర్చుకుంటారు గానీ, ఈ శాస్త్రం ఏ ప్రశ్న కోసం పుట్టిందో తెలియకుండా పోతుంది. జంతువుల సంఖ్య ఎందుకు అంతులేకుండా పెరగదు? ఎందుకు సున్నాకి పడిపోదు? ముందు ఆ ప్రశ్న పట్టుకోవాలి.

చార్ల్స్ ఎల్టన్ 1927లో రాసిన 'యానిమల్ ఎకాలజీ' పలచని పుస్తకం, సమీకరణాలు దాదాపు లేవు. బొచ్చు వ్యాపారం చేసిన హడ్సన్స్ బే కంపెనీ పాత ఖాతాల్లో లింక్స్ అనే అడవిపిల్లి తోళ్ల లెక్కలు చూసి, వాటి సంఖ్య సుమారు పదేళ్లకోసారి పెరిగి పడుతోందని చూపినవారిలో ఆయన ఒకరు. ఎందుకు పడుతోంది అన్నదానికి జవాబు కోసం దశాబ్దాలు ఆగాల్సివచ్చింది.

ఆ జవాబు చార్ల్స్ క్రెబ్స్ బృందం కెనడాలోని క్లువానీలో చేసిన ప్రయోగంలో ఉంది, 1995లో అచ్చయింది. చదరపు కిలోమీటరు చొప్పున అడవి ముక్కలు తీసుకున్నారు. ఒకచోట, లింక్స్‌కు ముఖ్య ఆహారమైన స్నోషూ కుందేళ్లకు అదనపు మేత వేశారు. ఒకచోట విద్యుత్ కంచె కట్టి నేల మీద తిరిగే వేటజంతువుల్ని ఆపారు. ఇంకొకచోట రెండూ చేశారు. వేటజంతువుల్ని ఆపితే కుందేళ్ల సాంద్రత రెట్టింపయింది, మేత వేస్తే మూడింతలు, రెండూ కలిస్తే పదకొండింతలు. రెండు, మూడు కలిస్తే ఐదో ఆరో రావాలి గదా, పదకొండు ఎలా వచ్చింది అని తరగతిలో అడుగుతాను. మేత తక్కువైన కుందేలు దూరం తిరగాలి, తిరిగితే వేటకు దొరుకుతుంది అని పిల్లలే చెప్పేస్తారు. ఆ రోజు నుంచి వాళ్లకు పాఠం బరువు అనిపించదు. క్రెబ్స్ పెద్ద పాఠ్యపుస్తకం 'ఎకాలజీ' (1972లో మొదలై అనేక ముద్రణలు) విశ్వవిద్యాలయాల గ్రంథాలయాల్లో తరచు దొరుకుతుంది. పాత ముద్రణైనా తీసుకోండి.

ఇంకా ఓపిక ఉంటే 1954లో వచ్చిన రెండు పుస్తకాలు పక్కపక్కన పెట్టుకోండి. డేవిడ్ లాక్ పక్షుల్ని చూసి, గుంపు పెరిగేకొద్దీ తిండి కొరత, మరణాలు పెరిగి సంఖ్య అదుపులోకి వస్తుందన్నారు. ఆస్ట్రేలియాలో ఆండ్రివార్తా, బర్చ్ గులాబీ పూలలోని తామరపురుగుల లెక్కలు చూసి, వాతావరణమే చాలావరకు నిర్ణయిస్తుందన్నారు. కరువు సీమలో పురుగుల్ని చూసినవారికి రెండో మాట నచ్చుతుంది, చెట్టు తొర్రలో గూడు కట్టే పక్షుల్ని చూసినవారికి మొదటిది. మొత్తం చదవనక్కరలేదు, ముగింపు అధ్యాయాలు చాలు.

ప్రశ్న అడిగిన విద్యార్థిని

సార్, మేడం, ఇద్దరికీ కృతజ్ఞతలు. చెరువు లెక్క వెంటనే అర్థమైంది! ఇంకో రెండు సందేహాలు. పుస్తకాల్లో మాత్రికలు (అడ్డువరసలు, నిలువువరసలుగా పేర్చిన అంకెలు) వస్తున్నాయి, అవి తప్పవా? మా స్నేహితురాలు శ్రీకాకుళం తీరంలో ఆలివ్ రిడ్లీ తాబేళ్ల గుడ్ల సంరక్షణలో స్వచ్ఛందంగా పనిచేస్తోంది, తనకూ ఉపయోగపడేది ఏదైనా ఉందా? రెండోది, ఒకే బాట వెంట నాలుగు నెలలు నడిస్తే ప్రాజెక్టుకు సరిపోతుందా?

జవాబు: మొదటి సభ్యుడు

మాత్రికలు మీ ప్రాజెక్టుకు అవసరం లేదు. మీ స్నేహితురాలికి మాత్రం తప్పవు, ఆమెకు అవి నచ్చుతాయి కూడా. 1987లో క్రౌజ్, క్రౌడర్, క్యాస్‌వెల్ అమెరికా తీరపు లాగర్‌హెడ్ తాబేళ్ల మీద రాసిన వ్యాసం వెతకమనండి. తాబేలు జీవితాన్ని గుడ్డు నుంచి ముసలితనం వరకు ఏడు దశలుగా విడగొట్టి, ఒక్కో దశలో ఎన్ని బతుకుతాయో మాత్రికలో వేశారు. గుడ్లు, అప్పుడే పుట్టిన పిల్లలు నూటికి నూరు బతికినా ఆ జనాభా తగ్గుతూనే ఉంటుందని లెక్క తేల్చింది. పెద్ద పిల్ల తాబేళ్లు చావకుండా చూస్తేనే అది నిలబడుతుంది. అవి ఎక్కువగా చచ్చేది రొయ్యల ట్రాలర్ల వలల్లో. వలలో తాబేలు బయటపడే దారి అమర్చాలన్న వాదనకు ఆ వ్యాసం గట్టి బలం ఇచ్చింది. ఆలివ్ రిడ్లీ వేరే జాతి, అంకెలు అలాగే అతికించకూడదు. మన తీరంలో గుడ్లు కాపాడేవారి శ్రమ వృథా అని కూడా దీని అర్థం కాదు, ఒడ్డుకు కొట్టుకొచ్చిన పెద్ద తాబేళ్ల కళేబరాలనూ తేదీ, పొడవుతో నమోదు చేయమనండి. మాత్రికకు కావాల్సిన సమాచారం అదే.

లెక్కల్లో మీకు కావాల్సినవి: సంవర్గమానాలు, సగటు, ప్రామాణిక విచలనం, అంచనా చుట్టూ ఉండే విశ్వాస అంతరం (నిజమైన సంఖ్య ఉండగల హద్దులు). రెండు వారాల పని. పది జంతువులు ఏటా 1.2 రెట్లు అయితే పదేళ్లకు 62 అవుతాయని చేత్తో లెక్కవేసి, గ్రాఫు కాగితం మీద ఒకసారి మామూలుగా, ఒకసారి సంవర్గమానంలో గీయండి. రెండో గీత తిన్నగా ఎందుకు వచ్చిందో తెలిస్తే సగం పుస్తకం తెలిసినట్టే.

ఇక ప్రాజెక్టు. ఇక్కడ కాస్త గట్టిగా చెబుతున్నాను, నొచ్చుకోకండి. నాలుగు నెలల్లో దుప్పుల సంఖ్య మారిందో లేదో తేలదు. వాటి బతుకు వేగం అది కాదు. ప్రశ్నను కుదించండి: ఈ ఋతువులో ఇక్కడ చదరపు కిలోమీటరుకు ఎన్ని ఉన్నాయి? బాట వెంట నడవవద్దు, దుప్పులు బాట పక్కన పచ్చిగడ్డికి చేరనూ వచ్చు, మనుషులకు జడిసి దూరంగా ఉండనూ వచ్చు. అడవికి అడ్డంగా కొన్ని తిన్నని గీతలు వేసుకుని, అటవీశాఖ అనుమతితో, తెల్లవారగానే నడవండి. మంద కనిపించగానే మందలో ఎన్ని ఉన్నాయో, ఎంత దూరంలో, ఏ కోణంలో ఉన్నాయో రాయండి. ఆ దూరాన్ని కోణపు సైన్‌తో గుణిస్తే గీత నుంచి లంబ దూరం వస్తుంది. దూరం పెరిగేకొద్దీ ఎన్ని మందలు కంటికి దొరకకుండా పోతున్నాయో దాన్నిబట్టే అంచనా వేస్తారు. ఈ పద్ధతికి మూలగ్రంథం బక్‌లాండ్, ఆయన సహచరులు 1993లో రాసిన 'డిస్టెన్స్ శాంప్లింగ్'. 60 నుంచి 80 మందలు కనిపించేదాకా నడవాలని అందులో సలహా. మీకు అన్ని దొరకకపోతే దొరికినంతే రాసి, విశ్వాస అంతరం ఎంత వెడల్పు వచ్చిందో దాచకుండా చూపండి.

జవాబు: అధ్యాపకురాలు

ఖర్చు గురించి నేను చెబుతాను. డిస్టెన్స్ సాఫ్ట్‌వేర్ ఉచితం, గణాంకాలకు వాడే ఆర్ కూడా ఉచితం. ముద్రవేసి పట్టే పద్ధతుల కోసం కూచ్, వైట్ తెచ్చిన 'ప్రోగ్రామ్ మార్క్: ఎ జెంటిల్ ఇంట్రడక్షన్' వెయ్యి పేజీలకు పైన ఉంటుంది, ఉచితంగానే దింపుకోవచ్చు. మొదటి కొన్ని అధ్యాయాలు చాలు. భారతీయ విజ్ఞాన అకాడమీ నడిపే 'రెజొనెన్స్' పత్రిక పాత సంచికలన్నీ ఉచితం. ప్రభుత్వ విశ్వవిద్యాలయంలో ఉన్నట్లయితే, 2025 జనవరిలో మొదలైన వన్ నేషన్ వన్ సబ్‌స్క్రిప్షన్ ద్వారా జర్నల్ వ్యాసాలు అందుతాయేమో మీ గ్రంథాలయాధికారిని అడగండి. పదాలు తెలుగులో గట్టిపడాలంటే తెలుగు అకాడమీ ఇంటర్ జువాలజీలోని ఆవరణశాస్త్రం యూనిట్ ఒక సాయంత్రం తిరగేయండి. అందులో సిగ్గుపడాల్సింది ఏమీ లేదు, నేను ఇప్పటికీ చూస్తాను.

దుప్పుల ప్రవర్తన కోసం జార్జ్ షాలర్ 'ద డీర్ అండ్ ద టైగర్' (1967) తప్పక చదవాలి. మధ్యప్రదేశ్‌లోని కన్హాలో ఆయన మందల పరిమాణం, ఆడ మగ నిష్పత్తి, పిల్లల సంఖ్య ఎలా నమోదు చేశారో చూసి మీ నోటు పుస్తకంలో గడులు గీసుకోండి.

ప్రశ్న అడిగిన విద్యార్థిని

షాలర్ పుస్తకం మా గ్రంథాలయంలో దొరికింది మేడం! గొటెల్లి కోసం అడిగి పెట్టాను. సార్, మందను చూసేసరికి అవి పరుగు అందుకుంటే దూరం ఎలా కొలవాలి?

జవాబు: మొదటి సభ్యుడు

మొదట కంటపడినప్పుడు అవి నిలబడి ఉన్న చోటికే కొలవాలి, పారిపోయి ఆగిన చోటికి కాదు. ఆ క్షణంలో పక్కనున్న చెట్టునో రాయినో కళ్లతో గుర్తుపెట్టుకుని, తరువాత దానికి దూరం, కోణం తీసుకోండి. తోడు వచ్చేవారికి కూడా ఇదే నేర్పి, మొదటి నాలుగు ఉదయాలు అభ్యాసానికే వదిలేయండి. ఆ నాలుగు రోజుల అంకెలు లెక్కలో కలపకండి.