సకెల్లారియోస్ నిజంగా డైరెక్టరేనా, నాటకాన్ని రీలుకెక్కించాడంతేనా?

నాటకాల శీను:
గ్రీకు కామెడీ అనగానే అలెకోస్ సకెల్లారియోస్ మహా డైరెక్టర్ అంటారు, నేనొప్పుకోను. పేరుపడ్డ సినిమాలు చాలావరకు ముందు స్టేజీ మీద ఆడినవే. ‘జర్మన్లు మళ్ళీ వస్తున్నారు’ 1946లో నాటకం, 1948లో సినిమా. హిట్టయినదాన్ని ఫినోస్ ఫిల్మ్ అనే నిర్మాణ సంస్థ కెమెరా ముందు మళ్ళీ ఆడించారు, అంతే. కెమెరా కదిలితే ఒట్టు.

పాతరీలు:
కెమెరా కదలకపోతే డైరెక్షన్ కాదా? 1957లో వచ్చిన ‘షికాగో మేనత్త’ చూడండి. రిటైరైన మిలిటరీ ఆఫీసరు, పెళ్ళికాని నలుగురు కూతుళ్ళు, ఇల్లంతా చాదస్తం. అమెరికా నుంచి మేనత్త దిగి పాత సామాన్లన్నీ తీయించేసి, బాల్కనీ కింద పోయే కుర్రాళ్ళని ఏదో వంకన ఇంట్లోకి రప్పించి సంబంధాలు కుదురుస్తుంది. ఆ వేషం వేసిన యోర్గియా వాసిలియాదూ మొహంలో ఒక్క గీత మారితే చాలు నవ్వొస్తుంది, అప్పుడు కెమెరా అటూ ఇటూ తిప్పితే ఆ మొహం మనకి దక్కుతుందా?

నాటకాల శీను:
అది యాక్టర్ గొప్ప. హీరో లోగోథెటిడిస్‌ని తీసేస్తే ఆ 1948 జర్మన్ల సినిమాలో ఏం మిగుల్తుంది?

మధు77:
కథ మిగుల్తుంది సార్. అప్పుడు గ్రీసులో సివిల్ వార్ నడుస్తోంది, సొంతవాళ్ళే కొట్టుకు చస్తుంటే జర్మన్లు మళ్ళీ వచ్చినట్టు ఒకాయనకి కల. ఆ టైంలో అది తీయడానికి గుండె కావాలి.

నాటకాల శీను:
కథ! నేను మొత్తుకునేదీ అదే. పరిషత్తు పోటీలకి నేను రాసిన నాటికని ఒకతను షార్ట్ ఫిల్మ్ తీశాడు, డైలాగులు మక్కీకి మక్కీ, టైటిల్లో రచన, దర్శకత్వం రెండూ తన పేరే. మా ఆవిడ చూసి ఇవి మీ మాటలే కదా అంది. ఆ రాత్రి నిద్రపట్టలేదు.

పాతరీలు:
మీకు జరిగింది అన్యాయమే అన్నా. కానీ సకెల్లారియోస్ ఎవరి నాటకమూ లాక్కోలేదు, తనే రాసుకున్నాడు. 1959లో హీరోయిన్ అలికి వుయుక్లాకి సినిమాలో పిల్లి పాట కూడా, ట్యూన్ మానోస్ హజిదాకిస్‌ది, మాటలు ఈయనవి.

నాటకాల శీను:
తనొక్కడే రాశాడా? క్రిస్టోస్ యానకోపులోస్ ఏమయ్యాడు? ఆ జర్మన్ల నాటకం ఇద్దరూ కలిసి రాసిందే. ఇన్ని పోస్టుల్లో ఎవరన్నా ఆ పేరెత్తారా? ఆయన 1963లో పోయాడు, ఈయన 1991 దాకా ఉన్నాడు, జనం నోట్లో ఈయన పేరే నానింది. నా బాధ అదండీ, కెమెరా కాదు.

రమ్య_కె:
ఇది మొదట్లోనే చెప్పుంటే సగం గొడవ తగ్గేది.

పాతరీలు:
యానకోపులోస్ పేరు పక్కన ఉండాల్సిందే, ఒప్పుకుంటా. దానికోసం డైరెక్షనే లేదంటే మాత్రం ఒప్పుకోను. స్టేజీ మీద జనం నవ్వితే యాక్టర్ ఆగుతాడు, సినిమాలో ఎవరాగుతారు? ఎక్కడ ఎంత ఆగాలో ముందే లెక్కేసుకోవాల్సింది డైరెక్టరే.

నాటకాల శీను:
ఆ ఆగడం కూడా రాతలోనే ఉంటుంది. రాసినవాణ్ణి అడగండి, చెప్తాడు.