బాపు లేడు, చెల్లె కన్యాదానంలో అమ్మ ఉండొచ్చా?

హన్మకొండ అన్న

మాఘమాసంలో మా చెల్లె లగ్గం. బాపు పోయి నాలుగేళ్లయింది. ఈవెంట్ వాళ్లు డ్రోన్, పొగ, తిరిగే స్టేజీ అని పెద్ద లిస్టు ఇచ్చారు. చెల్లె అవేవీ వద్దంది. తను అడిగినవి రెండే. సప్తపది మంత్రాల అర్థం మైకులో తెలుగులో చెప్పించాలి, కన్యాదానంలో అమ్మ ఉండాలి.

మొదటిదానికి అందరూ సరేనన్నారు. రెండోదాని దగ్గర ఇల్లు రెండుగా చీలింది. పెద్దబాపు, పెద్దమ్మ పీటల మీద కూర్చుంటారట, అమ్మ చివర్లో అక్షింతలు వేస్తే చాలట. బాపు పోయాక ఇంటిని ఒంటిచేత్తో నడిపిన మనిషిని ఆ ఒక్క గంట పక్కకు జరపడం నాకు మింగుడు పడటం లేదు. మీ ఇళ్లల్లో ఏం చేశారు?

హుజూరాబాద్ పెద్దాయన

బాబూ, మీ పెద్దబాపును తప్పుగా అనుకోకు. రేపు పిల్లకు ఏ చిన్న కష్టం వచ్చినా లోకం మీ అమ్మనే వేలెత్తి చూపుతుంది. ఆ మాట ఆమె పడకూడదనే పెద్దలు జాగ్రత్త పడతారు. మా తమ్ముడు పోయాక వాడి బిడ్డ పెళ్లిలో నేనూ నా భార్యా పీటల మీద కూర్చున్నాం. మా మరదలు సంతోషంగానే ఉంది. లగ్గం రెండు ఇండ్లు కలిసే పని. అక్కడ పంతాలు వద్దు.

జనగామ ఆడబిడ్డ

పెద్దయ్యా, మీ మరదలు సంతోషంగా ఉందని మీరు చూసి అనుకున్నారా, ఆమెను అడిగారా?

నా పెళ్లిలో మా అమ్మ మైలపోలు రోజు నాకు పసుపు రాయడానికి కూడా ముందుకు రాలేదు. కుమ్మరి ఇంటి నుంచి పెళ్లికి ఐరేణి కుండలు తెచ్చేటప్పుడు గడప లోపలే నిలబడింది. ఎవరూ పొమ్మనలేదు, తనే తప్పుకుంది. నా పెళ్లి ఆల్బంలో ఆమె ఫోటో ఒక్కటే ఉంది, అదీ అప్పగింతలప్పటిది. పదకొండేళ్లయినా ఆ ఆల్బం తెరిస్తే నాకు కన్నీళ్లు ఆగవు. అప్పుడు నేను చేయి పట్టి లాక్కొచ్చి ఉంటే వచ్చేదేమో. నాకు అప్పుడు ఆ ధైర్యం లేదు.

ఇంకో మాట. రెండేళ్లకోసారి మనమంతా బంగారం, అంటే బెల్లం, మోసుకుని మేడారంలో సమ్మక్క జాతరకు పోతాం. పగిడిద్దరాజు యుద్ధంలో పడిపోయాక కూడా సమ్మక్క కాకతీయ సైన్యంతో కొట్లాడింది, చివరికి చిలకలగుట్ట మీద కుంకుమ భరిణెగా దొరికింది అని పిల్లలకు చెప్తాం. ఆ కుంకుమకు మొక్కుతాం. ఇంటికొచ్చి, భర్త పోయిన తల్లి చేతి కుంకుమ పనికిరాదంటాం. ఇది నాకు ఎంత ఆలోచించినా అర్థం కాదు.

కరీంనగర్ వకీలు

చట్టం సంగతి వరకు చెప్తాను. 1955 హిందూ వివాహ చట్టం 7వ సెక్షన్ ప్రకారం ఇద్దరిలో ఎవరి వైపు ఆచారంతోనైనా పెళ్లి చేయొచ్చు. సప్తపది ఉన్న ఆచారంలో ఏడో అడుగుతో పెళ్లి పూర్తవుతుంది. తంతు జరగకుండా సర్టిఫికెట్ ఒక్కటే తెచ్చుకుంటే ఆ చట్టం కింద పెళ్లి కాదని 2024లో సుప్రీంకోర్టు కూడా చెప్పింది. కాబట్టి టైం లేదని సప్తపదిని మాత్రం కుదించకండి. పీట మీద ఎవరు కూర్చోవాలో ఆ సెక్షన్‌లో ఎక్కడా లేదు.

పరకాల పురోహితుడు

నేను పెళ్లిళ్లు చేయించేవాణ్ణి, నాకు తెలిసింది చెప్తాను. కన్యను ఎవరు ఇవ్వొచ్చో యాజ్ఞవల్క్య స్మృతి ఆచారాధ్యాయంలో వరుసగా ఉంది: "పితా పితామహో భ్రాతా సకుల్యో జననీ తథా". తండ్రి, తాత, అన్నదమ్ములు, వంశంలోని వాళ్లు, తల్లి. ముందున్నవారు లేకపోతే తర్వాతివారు. తండ్రి లేనప్పుడే తల్లి వంతు వస్తుంది కదా. అంటే భర్త పోయిన తల్లిని కూడా ఆ స్మృతి కన్యాదాతగా ఒప్పుకున్నట్టే. చాలామంది పెద్దలకు ఈ సంగతి తెలియదు.

ఈ వరుసలో పెద్దబాపు కంటే అన్న ముందున్నాడు. కాబట్టి బాబూ, పీట మీద నువ్వు కూర్చో. వరుడి కాళ్లు నువ్వు కడుగు, చెంబుతో నీళ్లు అమ్మ పోయాలి. మామూలుగా తండ్రి కడిగితే తల్లి పోస్తుంది, ఇక్కడా తల్లి పని తల్లే చేస్తోంది. పెద్దబాపు, పెద్దమ్మలను పక్కనే కూర్చోబెట్టు, వాళ్ల మర్యాదకూ లోటుండదు.

సప్తపదికి వస్తే, మా పద్ధతిలో మొదటి అడుగు అన్నం కోసం, రెండోది బలం కోసం, తర్వాత వ్రతం, సుఖం, పశుసంపద, ఋతువులు, యజ్ఞం. ఏడో అడుగయ్యాక వరుడు "సఖా సప్తపదా భవ" అంటాడు. ఏడడుగులు కలిసి నడిచావు, నాకు స్నేహితురాలివి కావాలని అడుగుతున్నాడు. పెళ్లి మొత్తంలో నాకు ఇంతకంటే ఇష్టమైన మాట లేదు. కానీ అది అనే వేళకు వినేవాళ్లుండరు. తలంబ్రాలు కాగానే సగం జనం భోజనాలకు పోతారు, మిగతా సగం ఫోటోలకు లైన్ కడతారు. తెలుగులో చెప్పించాలంటే వడ్డన అరగంట ఆపమని క్యాటరింగ్ వాళ్లతో ముందే మాట్లాడుకోండి. జీలకర్ర బెల్లం మాత్రం ముహూర్తం దాటకూడదు. వివరణలన్నీ దాని తర్వాతే.

హుజూరాబాద్ పెద్దాయన

శ్లోకం నాకు తెలియదు పంతులు గారూ. బిడ్డా జనగామా, మా మరదలిని నేను అడగలేదు, నిజమే. బాబూ, ఒక్కటి మాత్రం విను. మగపెళ్లివారికి ముందే చెప్పండి. మండపంలో తెలిస్తే నలుగురిలో మాట పడేది మీ అమ్మే.

హన్మకొండ అన్న

మీరందరూ రాశాకే గుర్తొచ్చింది, నేను కూడా అమ్మను అడగలేదు. నిన్న అడిగాను. చాలాసేపు ఏమీ అనలేదు. తర్వాత "నలుగురిలో నా చెయ్యి వణుకుతదేమో" అంది. వద్దని మాత్రం అనలేదు. రాత్రి అటక మీద నుంచి బాపు పెంబర్తిలో కొన్న ఇత్తడి చెంబు దింపమంది.

మగపెళ్లివారింటికి ఆదివారం పోతున్నాం. పెద్దబాపు ఇంకా ఒప్పుకోలేదు, కానీ మాతో వస్తానన్నాడు. పంతులు గారూ, నాకు ఇంకా పెళ్లి కాలేదు. పీట మీద కూర్చోవడానికి అదేమైనా అడ్డమా?

పరకాల పురోహితుడు

శ్లోకంలో "భ్రాతా" అనే ఉంది, పెళ్లయినవాడని లేదు. కూర్చో. చెంబు మరీ నిండా నింపొద్దు, అమ్మకు బరువవుతుంది.