యూరిన్ టెస్ట్ పాజిటివ్ వచ్చాక కఫం కల్చర్ ఎందుకు? లెజియోనెల్లా మీద ఒక చర్చ

చార్‌కోల్ ప్లేట్:
అందరికీ నమస్కారం. నేను అమెరికాలో ఒక ఆసుపత్రి మైక్రోబయాలజీ ల్యాబ్‌లో పని చేస్తున్నాను. పోయిన వారం మా మీటింగ్‌లో ఒక ప్రతిపాదన పెట్టారు. లెజియోనేర్స్ న్యుమోనియా (నీళ్లలో పెరిగే లెజియోనెల్లా బ్యాక్టీరియా తుంపరలతో ఊపిరితిత్తుల్లోకి చేరితే వచ్చే జబ్బు) అనుమానం ఉంటే ఇకపై మూత్రంలో యాంటిజెన్ టెస్ట్ ఒక్కటే చేద్దాం, కఫం కల్చర్ (కఫంలోని బ్యాక్టీరియాను ప్లేట్ మీద పెంచి చూడటం) మానేద్దాం అని. కారణాలు తీసిపారేసేవి కావు. యూరిన్ టెస్ట్ గంటలోపే తేలుతుంది. కల్చర్‌కి మామూలు ప్లేట్ పనికిరాదు. బొగ్గుపొడి, ఈస్ట్ ఎక్స్‌ట్రాక్ట్, సిస్టీన్, ఐరన్ కలిపిన ప్రత్యేకమైన ప్లేట్ కావాలి. కాలనీ కంటికి కనపడేసరికి మూడు నుంచి ఐదు రోజులు. నెగటివ్ అని చెప్పాలంటే ఇంకా ఎక్కువ ఆగాలి.

అయినా నేను ఒప్పుకోలేదు. యూరిన్ టెస్ట్ ప్రధానంగా పట్టేది ఒక్క రకాన్నే: లెజియోనెల్లా న్యూమోఫిలా సెరోగ్రూప్ 1 (సెరోగ్రూప్ అంటే పైపొర తేడాను బట్టి విడదీసిన ఉపరకం). ఈ జాతిలో 60కి పైగా స్పీసీస్ ఉన్నాయి, ఒక్క న్యూమోఫిలాలోనే 15కి పైగా సెరోగ్రూపులు. ఎక్కువ కేసులు సెరోగ్రూప్ 1 వల్లే వస్తాయి, నిజమే. కానీ మనం వెతికేది దాన్ని ఒక్కదాన్నే అయితే మనకు దొరికేదీ అదే కదా!

అంతకంటే పెద్ద విషయం ఇంకోటి ఉంది. మూత్రంలో మనకు దొరికేది బ్యాక్టీరియా పైపొర ముక్క మాత్రమే. బ్యాక్టీరియా చేతిలో లేకపోతే దాన్ని ఏ నీళ్లతో పోల్చి చూస్తాం? మీరేమంటారో చెప్పండి.

ఐసీయూ నైట్ డ్యూటీ:
మేడమ్, నేను హైదరాబాద్‌లో ఐసీయూ డాక్టర్‌ని. మీ బాధ అర్థమైంది కానీ నేను మీ మీటింగ్‌లో ఉంటే వాళ్ల పక్షమే మాట్లాడేవాణ్ని. ఈ బ్యాక్టీరియా మన కణాల లోపల దాక్కుంటుంది కాబట్టి సెఫ్ట్రియాక్సోన్ లాంటివి దాని మీద పని చేయవు. లీవోఫ్లాక్సాసిన్ గానీ అజిత్రోమైసిన్ గానీ వెంటనే మొదలుపెట్టాలి. యూరిన్ పాజిటివ్ అని ఫోన్ వస్తే నాకు అంతే చాలు. ఐదో రోజు మీరు ఫోన్ చేసి "పెరిగింది డాక్టర్ గారూ" అంటే ఆ పేషెంట్‌కి నేను కొత్తగా చేసేది ఏమీ ఉండదు.

ఇంకో సంగతి. వీళ్లలో చాలామందికి పొడి దగ్గే, కఫం రాదు. స్ట్రెయిన్ (బ్యాక్టీరియా కచ్చితంగా ఏ రకమో) తెలుసుకోవడం కోసం ఆయాసంతో ఉన్న మనిషికి బ్రాంకోస్కోపీ (ఊపిరితిత్తుల్లోకి గొట్టం వేయడం) చేయమంటే నేను చేయను.

చార్‌కోల్ ప్లేట్:
డాక్టర్ గారూ, ఆ పేషెంట్ వరకు మీరన్నది నూటికి నూరుపాళ్లు నిజం. నేను మాట్లాడుతున్నది అదే వీధిలో వచ్చే వారం జబ్బు పడబోయే మనిషి గురించి.

2015 వేసవిలో న్యూయార్క్ సౌత్ బ్రాంక్స్‌లో జరిగింది చూడండి. 138 మందికి జబ్బు చేసింది, 16 మంది చనిపోయారు. ఆ చుట్టుపక్కల భవనాల పైకప్పుల మీద ఎన్నో కూలింగ్ టవర్లు (ఏసీల వేడిని నీళ్లతో చల్లార్చేవి). చాలావాటి నీళ్లలో లెజియోనెల్లా ఉండటం వింతేమీ కాదు. మరి వీటిలో ఏది మనుషుల్ని చంపుతోంది? చివరికి ఒక హోటల్ టవర్‌లోని స్ట్రెయిన్, రోగుల స్ట్రెయిన్ ఒకటేనని తేల్చారు. ఎలా తేల్చారంటే, 26 మంది రోగుల కఫం నుంచి బ్యాక్టీరియా పెరిగింది కాబట్టి. 138 మందిలో 26 మందే. వాళ్లకు కూడా "యూరిన్ పాజిటివ్ వచ్చింది, చాలు" అని ఊరుకుని ఉంటే?

దానికి ఎదురు ఉదాహరణ మిషిగన్‌లోని ఫ్లింట్. నగరానికి నీళ్లు వచ్చే చోటునే మార్చేశాక 2014, 2015ల్లో సుమారు 90 కేసులు వచ్చాయి, 12 మంది పోయారు. ఎక్కువమందికి యూరిన్ టెస్ట్ మాత్రమే చేశారు. రోగుల నుంచి దొరికిన బ్యాక్టీరియా వేళ్ల మీద లెక్కపెట్టేంతే. నీటి మార్పు వల్లా, ఆసుపత్రి పైపుల వల్లా అని ఆ తర్వాత ఏళ్ల తరబడి వాదనలు నడిచాయి. చనిపోయినవాళ్ల కుటుంబాలకు దక్కాల్సిన జవాబులో ఒక భాగం, ఆ రోజు ప్లేట్ మీద వేయని కఫంతో పాటే పోయింది. నన్ను నిద్ర పోనివ్వనిది ఇదే.

టవర్ రమణ:
నేను కూలింగ్ టవర్ల నీటి ట్రీట్‌మెంట్ చూస్తాను. ముందు గల్ఫ్‌లో, ఇప్పుడు హైదరాబాద్‌లో. ల్యాబ్ వాళ్లకు తెలియని ఒక మాట చెప్పాలి. బిల్డింగ్‌లో ఎవరికో లెజియోనెల్లా వచ్చిందని తెలియగానే యాజమాన్యానికి టెన్షన్ మొదలవుతుంది. వెంటనే డ్రమ్ముల కొద్దీ క్లోరిన్ పోసి టవర్ కడిగేయమంటారు. నేను ఒకచోట చేతులు పట్టుకున్నంత పని చేశాను, ముందు శాంపిల్ తీద్దాం సార్, గంటలో అయిపోతుంది, తర్వాత మీ ఇష్టం అని. వినలేదు. రెండు రోజుల తర్వాత తీసిన నీళ్లలో ఏముంటుంది?

సీసాలో థయోసల్ఫేట్ (క్లోరిన్‌ని విరిచేసే మందు) వేయకుండా శాంపిల్ పట్టడం కూడా నా కళ్లారా చూశాను. నీళ్లలో మిగిలిన క్లోరిన్ దారిలోనే బ్యాక్టీరియాను చంపేస్తుంది. ల్యాబ్‌కి చేరేసరికి రిపోర్ట్ శుభ్రంగా వస్తుంది, అందరూ ఊపిరి పీల్చుకుంటారు.

కాబట్టి మేడమ్ చెప్పేది సగం. రోగి వైపు బ్యాక్టీరియా ఉండి నీటి వైపు లేకపోయినా పోలిక కుదరదు.

సీక్వెన్స్ లక్ష్మి:
నేను ఇంగ్లండ్‌లో జీనోమ్ డేటా మీద పని చేస్తాను. కల్చర్ ఉండాలనే నా అభిప్రాయం కూడా. కానీ "స్ట్రెయిన్ కలిసింది, దొంగ దొరికాడు" అన్న ధోరణి నాకు భయం కలిగిస్తుంది. అది కూడా ఈ చర్చలో ఉండాలి.

సెరోగ్రూప్ కలిసినంత మాత్రాన ఏమీ తేలదు. తర్వాతి మెట్టు సీక్వెన్స్ ఆధారిత టైపింగ్. ఏడు జీన్లు చదివి ఒక ఎస్‌టీ (సీక్వెన్స్ టైప్) నంబర్ ఇస్తారు. యూరప్ ల్యాబులన్నీ ఒకే భాష మాట్లాడుకోవడానికి ఇది గొప్పగా ఉపయోగపడింది. ఒక దేశంలో హోటల్లో దిగి, ఇంకో దేశంలో ఇంటికెళ్లి జబ్బుపడే యాత్రికుల విషయంలో మరీ ముఖ్యం. కానీ ఎస్‌టీ 1 సంగతి తీసుకోండి. అది ప్రపంచమంతా ఉంది, ఆసుపత్రుల పైపుల్లోనూ విరివిగా దొరుకుతుంది. రోగిలో ఎస్‌టీ 1, షవర్‌లో ఎస్‌టీ 1 వస్తే "కలిసింది" అనడం, ఇద్దరి ఇంటిపేరూ ఒకటే కాబట్టి అన్నదమ్ములు అన్నట్టే. అందుకే ఇప్పుడు జీనోమ్ మొత్తం చదువుతున్నాం. ఏడు జీన్ల బదులు 1,521 కోర్ జీన్లను పోల్చే పద్ధతి ఉంది.

జీనోమ్ చదివినా చిక్కు తీరదు. 2012లో ఎడిన్‌బరోలో ఒకే విజృంభణలో రోగుల నుంచి ఒకటి కాదు, వేర్వేరు జన్యు ఉపరకాలు బయటపడ్డాయి. తప్పు ఫలానా టవర్‌దేనని అక్కడ తేల్చలేకపోయారు. సౌత్ బ్రాంక్స్‌లోనూ హోటల్ స్ట్రెయిన్‌కి దగ్గరి బంధువులు అంతకు ముందు ఏళ్ల బ్రాంక్స్ రోగుల్లో కనిపించాయి. అంటే ఆ స్ట్రెయిన్ ఆ ప్రాంతంలో ఎప్పటినుంచో పాతుకుపోయి ఉంది.

చార్‌కోల్ ప్లేట్ గారూ, మీకు ఒక్క విన్నపం. ప్లేట్ మీద పెరిగిన వాటిలో ఒక్క కాలనీ తీసి మిగతావి పారేయకండి. నాలుగైదు తీసి దాచండి. నీటి ప్లేట్ నుంచి ఇంకా ఎక్కువ.

మైక్రో పీజీ వైజాగ్:
నాకో సందేహం అక్కా. పీసీఆర్ (బ్యాక్టీరియా డీఎన్‌ఏని పట్టే టెస్ట్) చేస్తే సరిపోదా? కఫం మీద నేరుగా చేయొచ్చు, రోజులు ఆగక్కర్లేదు. న్యూజిలాండ్ క్రైస్ట్‌చర్చ్‌లో 2010 నుంచి న్యుమోనియా రోగుల కఫం శాంపిళ్లన్నిటికీ లెజియోనెల్లా పీసీఆర్ చేయడం మొదలుపెడితే, దొరికే కేసులు నాలుగు రెట్లకు మించి పెరిగాయని చదివాను. అక్కడ ఎక్కువగా కనిపించేది లాంగ్‌బీచే అనే స్పీసీస్. కుండీల్లో వేసే కంపోస్టు నుంచి వస్తుంది. యూరిన్ టెస్ట్‌కి అది అస్సలు దొరకదు కదా.

చార్‌కోల్ ప్లేట్:
తమ్ముడూ, మంచి ఉదాహరణ ఇచ్చావు. నేను పీసీఆర్‌కి వ్యతిరేకం కాదు. ఇక్కడి జాతీయ మార్గదర్శకాలు కూడా తీవ్రమైన న్యుమోనియాలో యూరిన్ టెస్ట్‌తో పాటు కఫానికి కల్చర్ గానీ పీసీఆర్ గానీ చేయమంటాయి. కఫంలోని డీఎన్‌ఏ నుంచే ఆ ఏడు జీన్లను చదివే పద్ధతి కూడా ఉంది. కానీ డీఎన్‌ఏ తక్కువగా ఉంటే ఏడింటిలో మూడో నాలుగో వచ్చి ఆగిపోతుంది. "ఈ నీళ్లలోది కాదు" అని చెప్పడానికి అది చాలు, "అవును" అని చెప్పడానికి చాలదు.

నువ్వు పీజీ చేస్తున్నావు కాబట్టి ఇది గుర్తుంచుకో. మామూలు కఫం కల్చర్‌లో చీము కణాలు తక్కువుంటే శాంపిల్ తిప్పి పంపేస్తాం కదా. లెజియోనెల్లాకి ఆ నియమం పెట్టకూడదు, ఈ జబ్బులో కఫం పలచగా, చీము లేకుండా ఉండొచ్చు. మిగతా బ్యాక్టీరియా ప్లేట్‌ని కమ్మేయకుండా, పీహెచ్ 2.2 ఉన్న ఆసిడ్‌లో నాలుగు నిమిషాలు ఉంచి వెయ్యాలి. "కల్చర్‌లో ఏదీ పెరగదు" అనే ల్యాబుల్లో చాలావరకు ఈ రెండూ చేయవు. తప్పు పద్ధతిలో ఉంది, ప్లేట్‌లో లేదు.

ఈ జబ్బు మొదట బయటపడ్డ ఫిలడెల్ఫియా గుర్తుంది కదా. 1976 జులైలో మాజీ సైనికుల సమావేశం, మొత్తం మీద 34 మంది పోయారు. నెలల తరబడి ఏ ప్లేట్ మీదా ఏమీ పెరగలేదు. డిసెంబర్ చివర సీడీసీలో (అమెరికా ప్రభుత్వ వ్యాధి నియంత్రణ సంస్థ) జోసెఫ్ మెక్‌డేడ్ పాత గినీపిగ్ స్లైడ్లను మళ్లీ తీసి చూసి, అంతకు ముందు లెక్కలోకి తీసుకోని కడ్డీల లాంటి బ్యాక్టీరియా వెంట పడ్డాడు. అదే లెజియోనెల్లా. ఆ స్లైడ్లు దాచారు కాబట్టే మళ్లీ చూడగలిగాడు.

ఐసీయూ నైట్ డ్యూటీ:
అందరివీ చదివాను. నా మాట కొంచెం సవరించుకుంటాను, పూర్తిగా కాదు. కఫం దానంతట అది వస్తే, లేదా పేషెంట్ ఎలాగూ వెంటిలేటర్ మీద ఉండి ట్యూబ్ నుంచి సక్షన్ చేస్తున్నప్పుడు, ఒక డబ్బా పంపడానికి నాకు అభ్యంతరం లేదు. యాంటీబయాటిక్ మాత్రం దాని కోసం ఒక్క నిమిషం కూడా ఆపను. స్ట్రెయిన్ కోసమే బ్రాంకోస్కోపీ అంటే ఇప్పటికీ వద్దనే అంటాను. ఇంకో మాట, ఖర్చు పేషెంట్ బిల్లులో వేయకండి. ఊరికి ఉపయోగపడే టెస్ట్‌కి ఆ కుటుంబం ఎందుకు కట్టాలి? మన దగ్గర ఇది చాలా పెద్ద విషయం.

చార్‌కోల్ ప్లేట్:
ఖర్చు గురించి మీరన్న మాట మీటింగ్‌లో అలాగే చెబుతాను డాక్టర్ గారూ. యాంటీబయాటిక్ ఆపమని నేనూ ఎప్పుడూ అనను. ఒకటి రెండు డోసులు పడ్డాక తీసిన కఫంలో కూడా ఇది పెరగడం చూశాను.

నేను అడగబోయేది ఇంతే. యూరిన్ పాజిటివ్ వచ్చిన ప్రతి పేషెంట్ విషయంలో డాక్టర్ వేరే ఆర్డర్ రాయక్కర్లేకుండా ల్యాబే కఫం అడగాలి. యూరిన్ నెగటివ్ అయినా న్యుమోనియా తీవ్రంగా ఉంటే పీసీఆర్, అది పాజిటివ్ అయితే కల్చర్. వాళ్లు దీనికీ ఒప్పుకోకపోతే, కనీసం ఆ కఫాన్ని మైనస్ 70 ఫ్రీజర్‌లో దాచనివ్వమంటాను.

టవర్ రమణ:
దాచండి మేడమ్. నీటి శాంపిల్ సంగతి కూడా ఆ కాగితంలోనే రాయించండి, టవర్ కడగకముందే తీయాలని. ఆ లైన్ లేకపోతే మా వాళ్లు మళ్లీ క్లోరిన్ డ్రమ్ముతోనే మొదలుపెడతారు.