సమస్య: పడినవాఁడె గెలిచె పందెమందు

నిర్వాహకుడు: పై పాదంతో ముగిసే పద్యాన్ని ఈ వారం జాకీ చాన్ నటజీవితం మీదే పూరించాలి. 1962లో ఎనిమిదేళ్ల పిల్లవాడిగా తెర మీదికి వచ్చి, 2016లో గౌరవ ఆస్కార్ అందుకున్న నటుడు. ఆయన పడిన చోట్లు బోలెడు, మీకు నచ్చినది ఎంచుకోండి.

గోదారి గట్టు: ('ప్రాజెక్ట్ ఎ', 1983)
గంటమేడ నుండి గాలిలో జాఱుచు
తెరలు చించుకొనుచుఁ దెగువతోడ
నేలఁ బడెను జాకి, నిలిచిరి ప్రేక్షకుల్
పడినవాఁడె గెలిచె పందెమందు

ఓరుగల్లు కోట: 'జాకీ'ని 'జాకి' చేసి గణం కుదుర్చుకున్నారు. 'చాను' అంటే ఏ కుదింపూ అక్కర్లేదు. అసలు వెలితి మొదటి పాదంలో ఉంది. మూకీ చిత్రాల హాస్యనటుడు హెరాల్డ్ లాయిడ్ 1923లోనే గడియారం ముల్లు పట్టుకుని వేలాడాడు, కానీ కింద పడలేదు. చాన్ కావాలని చేతులు వదిలాడు. 'గాలిలో జాఱుచు' తీసేసి 'కరములు విడనాడి' అనండి, పద్యం లేస్తుంది.

గోదారి గట్టు: సవరణ బాగుంది, తీసుకుంటున్నాను. 'జాకి' మాత్రం మార్చను. పోయినసారి మీ కందంలో చాన్‌ను 'ఎంటర్ ది డ్రాగన్' ప్రతినాయకుణ్ణి చేశారు. 1973 నాటి ఆ సినిమాలో ఆయన బ్రూస్ లీ చేతిలో మెడ విరిగే గుంపులో ఒకడు. అప్పుడు మనలో ఎవరూ అడగలేదు!

ఓరుగల్లు కోట: ఆ కందానికి ప్రాస కుదిరిందని మెచ్చుకున్నది మీరే కదండీ.

తెనాలి వీధి: ('డ్రంకెన్ మాస్టర్', 1978)
తాగినట్లు తూలి తడబడి పడిలేచి
కాళ్లు మెలిక వేసి కాచి కొట్టె
మత్తు నటన యందు మర్మ మిదియె సుమా
పడినవాఁడె గెలిచె పందెమందు

నిర్వాహకుడు: ప్రశస్తం! పడటమే ఇక్కడ దెబ్బ కాచుకునే విద్య. ఈ మెలిక కోసమే ఎదురుచూస్తున్నాను.

పాలమూరు:
బాలుఁ డొకఁడు చేరె బడిలోనఁ, బదియేండ్లు
కఱ్ఱదెబ్బ తినుచుఁ గళలు నేర్చె
వెండితెరకు నేఁడు వేలుపు, కడుఁ గష్ట
పడినవాఁడె గెలిచె పందెమందు

ఓరుగల్లు కోట: మళ్లీ విరుపేనా పాలమూరు గారూ, 'కష్టపడిన'ను రెండు పాదాలకు పంచారు! మీకిది అలవాటైపోయింది. అయినా హాంకాంగ్‌లోని ఆ పెకింగ్ ఒపేరా (చైనా సంప్రదాయ సంగీత నాటకం) బడి గుర్తొచ్చింది మీ ఒక్కరికే. గురువు యు జిమ్ యుయెన్ దగ్గర కలిసి పెరిగిన సమో హంగ్, యుయెన్ బియావ్ 'ప్రాజెక్ట్ ఎ'లో కూడా చాన్ పక్కనే ఉన్నారు. నా దృష్టిలో ఆయన అసలు పడింది మేడ మీంచి కాదు, 1980లో 'ది బిగ్ బ్రాల్'తో:
అమెరికాకుఁ బోయె నాశతో నొకసారి
చిత్ర మాడలేదు, చింత లేదు
పట్టు విడక నిలిచెఁ బదునైదు వత్సరాల్
పడినవాఁడె గెలిచె పందెమందు

గోదారి గట్టు: ఈ నెల పూరణల్లో ఇదే మేటి, మనస్ఫూర్తిగా ఒప్పుకుంటున్నాను. 'చింత లేదు' ఒక్కటే నాకు మింగుడుపడటం లేదు. చింత లేని మనిషి పదిహేనేళ్లు పట్టుబట్టడు.

తెనాలి వీధి: 1980కి పదిహేనేళ్లు కలిపితే 1995, అంటే ఆయన గెలిచింది 'రంబుల్ ఇన్ ది బ్రాంక్స్'తో కదా. కథ న్యూయార్క్‌ది, షూటింగ్ వాంకోవర్‌లో. అక్కడ దూకుతుంటే చీలమండ విరిగింది. కట్టు మీద బూటులా రంగు వేసిన తొడుగు వేసుకుని మిగతా ఫైట్లు పూర్తి చేశాడు. ఓరుగల్లు వారూ, ఆ బూటు మీద ఇంకొకటి రాయండి. మూడో పాదం 'బూటు'తో మొదలైతే యతికి 'పూని' ఉంది.