కొత్తగా బెంగళూరు వచ్చాను, యాప్‌లో పరిచయమైన అమ్మాయి విషయంలో సలహా కావాలి

అందరికీ నమస్తే. మాది ఒంగోలు. ఉద్యోగం వచ్చి మారతహళ్లిలో పీజీలో దిగాను. డేటింగ్ యాప్‌లో ఒకమ్మాయి పరిచయమైంది, జయనగర్‌లో ఉంటుందట. రోజూ ఒంటిగంట దాకా చాటింగ్. ఇంకా కలవలేదు. వీడియో కాల్ అంటే దాటేస్తోంది, కానీ ఫోటోలు పంపమంటోంది. ఇంకోపక్క ఇంట్లో అమ్మ మ్యాట్రిమొనీలో నా ప్రొఫైల్ పెట్టింది. ఏం చేయాలో తోచట్లేదు.

జవాబు (వైట్‌ఫీల్డ్ నుంచి)

తమ్ముడూ, ఆ అమ్మాయి మోసం చేస్తోందని నేననను. ముఖం తెలియని మగాడితో వీడియో అంటే ఆడపిల్లకి సవాలక్ష భయాలుంటాయి. అయినా ఫోటోలు మాత్రం పంపకు. మామూలువి సరే, బట్టల్లేని ఫోటోలు అసలు వద్దు. ‘వ్యూ వన్స్’లో పెడితే ఒకసారి చూశాక పోతుంది కదా అనుకుంటారు. వాట్సాప్ స్క్రీన్‌షాట్‌ని ఆపుతుంది గానీ, పక్కన ఇంకో ఫోన్ పెట్టి తీస్తే ఎవరాపుతారు?

ఒక్క సంగతి తెలిసుండాలి. అర్ధరాత్రి కొత్త నంబర్ నుంచి వీడియో కాల్ వస్తుంది. ఎత్తితే అవతల బట్టల్లేని అమ్మాయి. చాలాసార్లు అది ముందే తీసిపెట్టిన వీడియో. నీ ముఖంతో కలిపి స్క్రీన్ రికార్డ్ చేసుకుంటారు. తెల్లారేసరికి నీ ఇన్‌స్టా స్నేహితుల జాబితా నీకే పంపి డబ్బు అడుగుతారు. తర్వాత పోలీసునంటూ ఇంకొకడు. ఒక్కసారి ఇస్తే మళ్లీ మళ్లీ అడుగుతారు. అలాంటిది జరిగితే పైసా పంపకు, చాట్ చెరపకు, సైబర్ నేరాల హెల్ప్‌లైన్ 1930కి ఫోన్ చెయ్. సిగ్గుపడి నోరు మూసుకునే పిల్లలే ఎక్కువ నష్టపోతున్నారు, అదే నా బాధ.

ఇక అసలు మాట. తొందరగా కలువు. నాతో ఫ్లాట్‌లో ఉన్నమ్మాయి ఒకబ్బాయితో నెలల తరబడి చాట్‌లోనే ఉండేది. ‘టైపింగ్’ అని వచ్చి ఆగిపోతే కంచంలో అన్నం అలాగే ఎండిపోయేది. నీలం టిక్కులు పడి జవాబు రాకపోతే ఆ రాత్రి నిద్ర లేదు. తీరా కలిశాక, అతను ఎదురుగా కూర్చుని ఆమెని ఒక్క మాట పూర్తి చేయనివ్వలేదట. చాట్‌లో ప్రతివాడూ రాసి, చెరిపి, మళ్లీ రాసి పంపుతాడు. మధ్యలో ఖాళీ ఉన్నచోటల్లా మనకి నచ్చిన మనిషిని మనమే కల్పించుకుంటాం. నీ రాత్రిళ్లు కూడా ఆ కల్పనకే పోతున్నాయేమోనని నా భయం. ఒక గంట ఎదురెదురుగా కూర్చుంటే అవతలి మనిషి ఎలా వింటుందో, ఎలా మౌనంగా ఉంటుందో తెలుస్తుంది. పగటిపూట, నలుగురూ తిరిగే చోట కలుద్దామని అడుగు. రెండుమూడుసార్లు అడిగినా ఫోటోల దగ్గరే ఆగితే ఇక వదిలెయ్.

మ్యాట్రిమొనీ సంగతి కలిసిన మొదటిరోజే ఆ అమ్మాయికి చెప్పు. అమ్మకి కూడా కొన్నాళ్లు ఆగమను. ఇక్కడొక ప్రేమ, సొంతూళ్లో ఒక పెళ్లి సంబంధం నడపడం ఈ ఊళ్లో మామూలైపోయింది, అది నాకు అస్సలు నచ్చదు. మనసులో లేకుండా పెళ్లి మాట ఎత్తకు. పెళ్లి చేసుకునే ఉద్దేశం లేకుండానే మాటిచ్చి శారీరక సంబంధం పెట్టుకుంటే, 2024 జులై 1 నుంచి అమల్లోకి వచ్చిన భారతీయ న్యాయ సంహిత 69వ సెక్షన్ కింద పదేళ్ల దాకా శిక్ష ఉంది. చట్టం సంగతి అటుంచు, ఆ పిల్ల నీ మాట నమ్మి ఇంట్లో ఎన్ని సంబంధాలు వద్దంటుందో ఆలోచించు.

జవాబు (బీటీఎం నుంచి)

అక్క చెప్పిందంతా నిజం. నేను చోటు చెబుతా తమ్ముడూ. యాప్ పది పన్నెండు కిలోమీటర్లే అని చూపిస్తుంది, సాయంత్రం సిల్క్ బోర్డ్ జంక్షన్ మీదుగా బయల్దేరితే ట్రాఫిక్ ఏంటో నీకే తెలుస్తుంది. మీ దగ్గర్లోని కుందలహళ్లిలో మెట్రో పర్పుల్ లైన్ ఎక్కితే నేరుగా కబ్బన్ పార్క్. ఆమె జయనగర్‌లో గ్రీన్ లైన్ ఎక్కి మెజెస్టిక్‌లో మారితే చాలు. ఆదివారం పార్కు లోపలికి బళ్లు రానివ్వరు, జనం ఉంటారు, గొడవ ఉండదు. కాసేపు నడిచి చర్చ్ స్ట్రీట్‌కి రండి, కాఫీకి బోలెడు చోట్లున్నాయి. ఆమె ఎంచిన పబ్‌కే రావాలని పట్టుబడితే మాత్రం వెళ్లకు. వేలకి వేలు బిల్లు వేయించి పబ్‌వాళ్లతో పంచుకునే ముఠాలున్నాయి. పీజీ అడ్రస్ అప్పుడే ఇవ్వకు. రూమ్మేట్‌కి లైవ్ లొకేషన్ పెట్టి వెళ్లు, ఆమెని కూడా తన స్నేహితురాలికి పెట్టమని నువ్వే చెప్పు.